రెండో వాల్వు

ముందే చెప్పేస్తున్నాను, నా మాటల్లో సగం తీసేసి వినాలి. దోమ కుట్టిందంటే సరిపోయే చోట గద్ద తన్నుకుపోయిందనే రకం నేను. ఎవరినీ మోసం చేద్దామని కాదు. ఉన్నది ఉన్నట్టు చెబితే ఎవరూ తల తిప్పి చూడరని చిన్నప్పుడే కనిపెట్టాను. మా ఎమ్మెల్యేగారి ఐదేళ్ల గురించి రాస్తున్న ఈ నాలుగు ముక్కలు కూడా ఆ లెక్కనే చదువుకోండి.

ఆయన్ని మొదట దగ్గర నుంచి చూసింది ఎన్నికల ప్రచారంలో, మేడ్చల్‌లో మా కాలనీ ఇస్త్రీ బండి దగ్గర. ఓట్లడిగే మనిషి ఆ నెల రోజులూ కనపడిన పనల్లా చెయ్యాలి కదా. దోసె వెయ్యాలి, గడ్డం గియ్యాలి, చంటిపిల్లల ముక్కు తుడవాలి. ఆ వరసలో ఇస్త్రీ కూడా ఉంది. బండి నడిపేది రావల్కోల్ నుంచి రోజూ వచ్చే మొగుడూ పెళ్లాలు. మా అభ్యర్థిగారు ఆవిడ చేతిలోంచి ఏనుగుపిల్లంత బరువున్న బొగ్గుల పెట్టె అందుకుని, ఎదురుగా పరిచి ఉన్న చొక్కా మీద పెట్టి, కెమెరా వైపు నవ్వాడు. లోకంలోని కెమెరాలన్నీ అక్కడే ఉన్నాయి. అంటే రెండు. చొక్కా నాది.

"గట్ల గాదన్నా! పెట్టె ఆడనే వెట్టి నవ్వుకుంట నిలవడితే అంగి గాలదా?" అని ఆవిడ అరిచింది. అప్పటికే పొగ లేచింది.

"గెలిచినంక సార్‌కు కొత్త అంగి కొనిస్త చెల్లె."

"అంగి సంగతి గాదు, గెలిచినంక మా దిక్కు సూడు సాలు."

జనం నవ్వారు. ఆయన గెలిచాడు.

ఆవిడ ఎవరినీ వదిలేది కాదు. నేను బట్టలిస్తూ ఊరి సంగతులు పెంచి చెబుతుంటే, "సార్ మాటలకు నీళ్లు జల్లి పెట్టె దిప్పాలె. జానెడంత మిగుల్తయ్" అనేది. మొగుడు తలొంచుకుని మడతలు పెట్టుకునేవాడు. మాట్లాడే పని మొత్తం ఆవిడదే.

నేను కాలనీ సంఘానికి కార్యదర్శిని. కోస్తా నుంచి వచ్చి పాతికేళ్లుగా ఇక్కడే ఉద్యోగం చేసుకుంటున్నవాణ్ణి, అర్జీలు రాయడం తప్ప వేరే విద్య లేదు. ఎమ్మెల్యేగారి క్యాంపు ఆఫీసులో పొద్దున్నే కాగితాలు పట్టుకుని నిలబడే వరస నిజామాబాద్ దాకా ఉండేది. ఆయన పీఏకి అందరి ఉత్తరాలూ రాసే తీరిక ఎక్కడిది? వరసలో రాత బాగున్నవాణ్ణి చూసి, లెటర్‌ప్యాడు చేతిలో పెట్టేవాడు. "సార్, జెర గీ నలుగురియి గూడ రాసియ్యుండ్రి." రాసినవాటి మీద ఎమ్మెల్యేగారు చదవకుండా సంతకాలు గీకేసేవాడు. రెండో ఏడు ఆయన పార్టీ మారాడు. లెటర్‌ప్యాడు రంగు మారింది, రాత మాత్రం నాదే.

అక్కడే నాకు పొగరెక్కింది. డ్రైనేజీ పొంగుతోందని రెండుసార్లు రాస్తే ఎవరూ కదల్లేదు. మూడోసారి "కాలనీవాసులు పడవలు వెతుక్కుంటున్నారు" అని రాశాను. పదిహేను రోజుల్లో పైపులు దిగాయి. ప్రభుత్వానికి మామూలు చెవుడు కాదు, గట్టిగా అరిస్తేనే వినపడుతుందని తేల్చుకున్నాను.

నాలుగో ఏడు ఆవిడకు ఆయాసం మొదలైంది. పెట్టె రెండుసార్లు తిప్పి అరుగు మీద కూలబడేది. నగరంలో పెద్దాసుపత్రిలో చూసి, గుండెలో ఒక వాల్వు పాడైంది, మార్చాలి అన్నారు. ఆపరేషన్‌కు ఎంతవుతుందో అంచనా కాగితం రాసిచ్చారు. దానికి ఎమ్మెల్యే ఉత్తరం జోడించి సర్కారు ఆఫీసులో ఇస్తే, ఖర్చు మేం భరిస్తామని వాళ్లు ఆసుపత్రికి హామీ పత్రం పంపుతారు. అది వస్తేనే ఆపరేషన్ తేదీ ఇస్తారు.

మొగుడు ఆ కాగితం పట్టుకుని నా దగ్గరికి వచ్చాడు. "జల్దీ చెయ్యాలంటున్నరు సార్. మీ తీర్గ రాయుండ్రి."

నా తీరుగా రాశాను. క్యాంపు ఆఫీసు బెంచీ మీద కూర్చుని, "ఈమె గుండెలో రెండు వాల్వులు పూర్తిగా పాడై, క్షణమొక గండంగా ఉన్నది" అని రాశాను. ఒక్క వాల్వంటే పక్కన పడేస్తారని భయం. ఎమ్మెల్యేగారు ఆరోజు తీరిగ్గా ఉన్నాడు. "ఎవలు, ఇస్త్రీ చెల్లెనా? అయ్యో" అని అక్కడికక్కడే సంతకం పెట్టాడు.

తొమ్మిది రోజులకు కాగితం తిరిగొచ్చింది. అంచనాలో ఒక వాల్వు, సిఫారసులో రెండు వాల్వులు, పొంతన లేదు, సరిచేసి పంపండి అని మూలన ఎర్ర సిరాతో రాసుంది. ఆ కాగితం తిరిగొచ్చింది నా చేతికి. మొగుడికి చదువు రాదు. "ఏమైంది సార్?" అని అడిగాడు.

"ఎమ్మెల్యే సంతకం సరిగ్గా లేదట. ఇంకోటి కావాలి" అన్నాను.

ఆ వారం ఎమ్మెల్యే ఊళ్లో లేడు. ఏదో ఓటింగు ఉందని, జారిపోకుండా వాళ్ల పార్టీ సభ్యులందరినీ శామీర్‌పేట దగ్గర రిసార్టులో పెట్టి గేటు వేశారు. సొంతింటికి ఆటో దూరంలో మనిషి బందీ. గేటు దగ్గర వెయ్యిమంది పోలీసులు. సరే, నలుగురు. ఎర్రటెండలో అతనూ నేనూ నిలబడ్డాం. సాయంత్రం ఆయన ట్రాక్ ప్యాంటులో నడకకు బయటికొచ్చి మమ్మల్ని చూశాడు. గేటు కమ్మీల సందులోంచి కాగితం తీసుకుని, పోలీసు వీపు మీద పెట్టి సంతకం చేశాడు. "దవాఖానల నా పేరు చెప్పు తమ్మీ" అని కూడా అన్నాడు. ఈసారి ఒక వాల్వే రాశాను.

మర్నాడు రెండో శనివారం, సెలవు. ఆపైన ఆదివారం, సోమవారం పండగ సెలవు. మంగళవారం ఆఫీసు తలుపు తీసేసరికి మేం మొదటి వరసలో ఉన్నాం. అప్పుడే మొగుడి ఫోను మోగింది, ఇంటి నుంచి. అతను విని, ఫోను చెవి దగ్గర అలాగే ఉంచుకున్నాడు. కిటికీలోని గుమస్తా "కాగితం ఇయ్యి పెద్దమనిషీ, ఎనుక జనమున్నరు" అంటున్నాడు. అతను కాగితం ఇచ్చేశాడు. గుమస్తా ముద్ర కొట్టి తీసుకున్నాడు.

ఆవిడ దినాల నాడు ఎమ్మెల్యేగారు వచ్చాడు, పటానికి దండ వేశాడు. రావల్కోల్‌లో ఒక్కరూ ఆయన మొహం చూడలేదు. "సంతకం సక్కగ పెట్టరాకపాయె. రిసార్టుల గూసున్నడు" అని ఒక ముసలావిడ ఆయనకు వినపడేలాగే అంది. ఆయనకు ఏం అర్థం కాలేదు. ఆ రోజు అలాంటివి మరో ఆరు చోట్ల ఉన్నాయి కాబట్టి చేతులు జోడించి వెళ్లిపోయాడు.

ఆ సాయంత్రమే నేను మొగుణ్ణి పక్కకు తీసుకెళ్లి నిజం చెప్పేశాను. రెండో వాల్వు నా రాత అనీ, సంతకంలో తప్పేమీ లేదనీ చెప్పాను. అతను "మీరు మంచికే రాసిన్రు సార్. ఆమె ఉంటే నవ్వుతుండె" అన్నాడు.

నిజామాబాద్ దాకా ఉన్న వరసను మీరే తగ్గించుకుని ఉంటారు. అది పెద్ద విషయం కాదు. నేను కల్పించింది ఈ పైన రాసిన సాయంత్రం. ఆ మాటలు అతను అనలేదు, ఎందుకంటే నేను ఏమీ చెప్పలేదు. దినాల భోజనం చేసి బస్సెక్కి వచ్చేశాను. తర్వాతి ఎన్నికల్లో ఎమ్మెల్యేగారు ఓడిపోయాడు. దానికి నూటొక్క కారణాలుంటాయి. అతను మాత్రం ఇప్పటికీ బండి దగ్గర కొత్తగా కనపడినవాడికల్లా చెబుతాడు, "ఒక్క సంతకం సక్కగ పెడితే మా ఆమె బతుకుతుండె. గీ సార్‌నే అడుగు" అని. వాళ్లు నా వైపు తిరుగుతారు. నేను తలూపుతాను.