ముందు వచ్చినవాళ్ల నేల

సత్యనారాయణపేటలో మోహన్‌కృష్ణ మాస్టారి ఇల్లెక్కడంటే ఎవరూ చెప్పలేరు. ‘ఆఫ్రికా సార్’ ఇల్లంటే ఆటోవాళ్లు తీసుకెళ్లి గుమ్మంలో దింపుతారు. ఆ పేరు పెట్టింది నేనే. కాలేజీలో ఆయన పక్క కుర్చీ నాది. బళ్లారి ఎండలో కూర్చుని, ఆఫ్రికాలో మోసీ రాజ్యాలు ఎలా పుట్టాయో ముప్పై ఏళ్లు చదివిన మనిషిని ఇంకేమని పిలవాలి?

ఆయన పుస్తకం సారమంతా ఒక్కటే. ఆ పశ్చిమాఫ్రికా ఊళ్లలో నేల పూజ ముందు వచ్చినవాళ్ల వంశానిది. తర్వాత గుర్రాలెక్కి వచ్చినవాడు రాజు కావచ్చు గానీ, నేలకు నైవేద్యం పెట్టడానికి ఆ పాతవాళ్లే రావాలి. ఈ సంగతి చెప్పేటప్పుడు మాస్టారు కాఫీ కూడా మరిచిపోయేవారు.

కెంచనగుడ్డ దగ్గర ఆయనకు వరిమడి ఉంది. కాలువ వచ్చిన కొత్తలో కోస్తా నుంచి వచ్చిన వాళ్ల నాన్న, అక్కడి రైతు గాదిలింగప్ప వాళ్ల తాత దగ్గర కొన్నది. అమ్మేసినా గాదిలింగప్ప ఇంటివాళ్లు ఏటా చలికాలంలో వచ్చే ఎళ్ళ అమావాస్యకు సజ్జరొట్టెలు, పుండికూర బుట్టలో తెచ్చి, మడంతా తిరిగి చరగ చల్లేవాళ్లు. భూమికి పెట్టే తిండి అది. మాస్టారి నాన్న ఏనాడూ కాదనలేదు.

ఆ పెద్దాయన పోయాక వచ్చిన మొదటి అమావాస్య. పుస్తకం ప్రూఫులు ఆ వారమే పంపాలి. గాదిలింగప్ప ఎప్పటిలాగే నేరుగా మడిలోకి దిగాడు.

“అడక్కుండా దిగితే ఎట్లా? ఇది రిజిస్టరైన పొలం,” అన్నారు మాస్టారు.

“ఎవర్ని అడగాలప్పా? మా తాత ఈడ ఎవర్నీ అడిగింది ల్యా.”

బుట్ట దించకుండానే వెనక్కి తిరిగి పోయాడు. మళ్లీ రాలేదు. గట్టుమీద నేనూ ఉన్నాను, నోరు మెదపలేదు. ఆ సిగ్గు నాకిప్పటికీ ఉంది.

పుస్తకం వచ్చింది, శాలువాలు కప్పారు. రిటైరయ్యాక, రెండో ముద్రణ కోసం తన పేజీలే చదువుకుంటూ ఒక పొద్దున నాకు ఫోన్ చేశారు.

“గాదిలింగప్పను ఎంత మాట అన్నానయ్యా. నువ్వైనా చెప్పలేదేం?”

ఇద్దరం వెళ్లాం. గాదిలింగప్ప పోయి మూడేళ్లయిందట. అతని భార్య యంకమ్మ కూలికి పోయి అప్పుడే వచ్చింది. మాస్టారు చేతులు జోడించారు.

“తప్పు నాదమ్మా. ఈ అమావాస్యకు మీరు రావాలి.”

“ఆయప్ప ఉన్నన్ని దినాలూ ఆ అమాస పొద్దు అన్నం ముట్టల్యా,” అందామె. “పిలుస్తాండావు గదా, వస్తాలే.”

చెప్పినట్టే వచ్చింది, బుట్ట నెత్తిన పెట్టుకుని. మాస్టారు చెప్పులు విడిచి పక్కకు తప్పుకున్నారు. యంకమ్మ గట్టుమీదే ఆగిపోయింది. ఎంతసేపటికీ కాలు లోపల పెట్టలేదు. చివరికి ఆయన వైపు తిరిగింది.

“దిగొచ్చునా సార్?”