కాఫీకి ఊపిన తల

ఎడిటింగ్ అంటే ఫిల్ము కత్తిరించడం అనుకునేదాన్ని. ఒక ఫ్రెంచావిడ దగ్గర అసిస్టెంటుగా చేరాక తెలిసింది, చూసి చూసి, ఇక తప్పదనుకుంటేనే బ్లేడు ముట్టుకోవాలని. ఆవిడ పారిస్‌లో ఏళ్ళ తరబడి సినిమాలు ఎడిట్ చేసి, న్యూయార్క్ వచ్చి టీవీ డాక్యుమెంటరీలు చేస్తోంది. నోరు మంచిది కాదు. నాదీ అంతే, అందుకే మాకు కుదిరింది.

ఎనభైల మొదట్లో సంగతి. ఎడిసన్‌లో మా ఇంటి నుంచి రోజూ రైల్లో వెళ్ళేదాన్ని. మూతపడుతున్న ఒక బట్టల మిల్లు మీద డాక్యుమెంటరీ చేస్తున్నాం. తెర మీద మొదటిసారి నా పేరు పడబోతోంది. మావారు అప్పుడే మనవాళ్ళందరికీ చాటేశారు.

మధ్యాహ్నం ఆవిడ పక్కగదిలో తలుపేసుకుని, బల్ల మీద గుడ్డ పరుచుకుని, తీరిగ్గా భోంచేసేది. ఆ వేళ చూసి ప్రొడ్యూసర్ నా దగ్గరికొచ్చాడు. మేం తీసిన ఫిల్ములో మిల్లు యజమాని, "మూసేయక తప్పదు, పనివాళ్ళకీ తెలుసు" అంటుంటే, ఎదురుగా కూర్చున్న ముసలి కార్మికురాలు అతన్ని కళ్ళార్పకుండా చూస్తుంది. అంతకుముందెప్పుడో కాఫీ కావాలా అంటే ఆమె తల ఊపిన షాట్ ఒకటుంది. అది తెచ్చి ఇక్కడ అతికించమన్నాడు.

"కానీ ఆమె ఒప్పుకోలేదు కదా!" అన్నాను.

"ఎవరికి తెలుస్తుంది? నీ పేరు పడాలని లేదా?"

ఒళ్ళు మండింది. ఎవరేమన్నా గంగిరెద్దులా తలూపేదాన్నయితే ఈ పనిలోకే వచ్చేదాన్ని కాదు.

"నేను చెయ్యను," అని గట్టిగానే అన్నాను. ఆ గొంతు విని ఫ్రెంచావిడ బయటికొచ్చింది. జరిగింది చెప్పాను.

"ఆ షాట్ పెడితే నా పేరు తీసెయ్యి," అంది ప్రొడ్యూసర్‌తో.

ఆవిడ పేరు ఎన్ని సినిమాలకు పడిందో. నాకిదే మొదటిది. వదులుకోబుద్ధి కాలేదు, నిజం.

"నాది కూడా," అన్నాను.

ఇద్దరం ఆ పూటే బయటికొచ్చేశాం. అతను ఇంకెవరిచేతనో అతికించుకున్నాడు. అది టీవీలో వచ్చిన రోజు, సంగతి తెలిసినా మావారు పిలిచినవాళ్ళను రావద్దనలేకపోయారు. ఇల్లంతా జనం. తెర మీద ఆ ముసలామె యజమాని మాటకు చక్కగా తల ఊపింది.

"పాపం, ఎంత మంచిదో, అర్థం చేసుకుంది," అంది పక్కింటి తెలుగావిడ.

చివర పేర్లొచ్చి వెళ్ళిపోయాయి.

"అదేంటండీ, మీ పేరు రాలేదు?" అని నన్నడిగింది.

మావారు నేలచూపులు చూశారు. నేను లేచి టీవీ కట్టేశాను.

"నేనే తీయించేశాను. ఆ ముసలామె తలూపింది కాఫీకి. ఉద్యోగం పోతున్నందుకు కాదు. కూర్చోండి, చెప్తాను."