లంక లైట్‌హౌస్‌లో తెరలు వేసిందెవరు?

దెయ్యాల కబుర్లు మొదలైతే మా స్కూల్లో మిగతా టీచర్లు నన్ను చూసి నోరు మూసుకుంటారు. నేను సైన్స్ చెబుతాను. కళ్లు ఎలా మోసపోతాయో పిల్లలకి బోర్డు మీద బొమ్మలు గీసి మరీ చూపిస్తాను. అలాంటిదాన్ని నేనిది రాస్తున్నానంటే మా వాళ్లే ముందు నవ్వుతారు. నవ్వనివ్వండి.

మా మేనమామ యోహాను పెదనందిపాడు వైపు మిరపకాయలు కోసే కూలీల ఇంట్లో పుట్టాడు. పెద్దయ్యేదాకా సముద్రమే చూడలేదు. అలాంటివాడు నిజాంపట్నం అవతల ఒక చిన్న లంక మీద లైట్‌హౌస్ కీపరయ్యాడు. ఆ లైట్‌హౌస్ దొరల కాలంలో ఇటుక, సున్నంతో కట్టింది. అప్పట్లో పత్తి బేళ్లు ఎక్కించుకోవడానికి ఓడలు వచ్చేవట. తర్వాత ఇసుక మేట వేసి ఓడలు రావడం మానేశాయి. ఒడ్డున కాంక్రీటు స్తంభం, దానికి సోలార్ దీపం వచ్చాక లంకలో ఉన్న లైట్‌హౌస్‌తో పనే లేకుండా పోయింది. లెన్స్‌ని పెట్టెల్లో సర్ది ఎక్కడికో తీసుకుపోయారు. ఇత్తడి సామాను దొంగలెత్తుకుపోయారు. క్వార్టర్స్‌ని సముద్రం కోసేసింది. ఆఖరి కీపరు మావయ్యే.

రాత్రంతా దీపం చూసుకోవడం ఒక ఎత్తు, తెల్లారి తెరలు వేయడం ఒక ఎత్తు అనేవాడు. చుట్టూ అద్దాలుండే పైగదిలో లెన్స్ మనిషంత ఎత్తు ఉండేదట. పిల్లలు భూతద్దంతో కాగితం కాల్చినట్టు, దాని మీద ఎండ పడితే గదిలో నిప్పంటుకుంటుంది. అందుకని పొద్దు పొడవగానే తూర్పు అద్దంతో మొదలుపెట్టి, చుట్టూ తిరుగుతూ పడమర దాకా తెల్లగుడ్డ తెరలు లాగాలి.

రెండేళ్లుగా మావయ్య మా దగ్గరే ఉంటున్నాడు. మతిమరుపు జబ్బు. రోజూ తెల్లవారగానే వంటింటి గుమ్మంలో నిలబడి, "అమ్మాయ్, తెరలు వేశారా?" అని అడుగుతాడు. వేశారు అంటే చాలు, కాఫీ తాగి పడుకుంటాడు.

ఆ రోజు గ్యాస్ అయిపోయింది. దిద్దాల్సిన పరీక్ష పేపర్లు కుప్పలుగా ఉన్నాయి. మూడోసారి అడిగేసరికి నాకు తిక్క రేగింది. "ఎవరూ వేయలేదు! పోయి నువ్వే వేసుకో, పో!" అని అరిచాను.

స్నానం చేసి వచ్చేసరికి మంచం ఖాళీగా ఉంది. చెప్పులు లేవు.

రేవుకి పరుగెత్తాను. పీతల వలకి వెళ్లేవాళ్లు ఎక్కించుకుపోయారనీ, లంక దగ్గర దించమన్నాడనీ అక్కడివాళ్లు చెప్పారు. పోటు వస్తే ఆ లంక సగం మునుగుతుంది. పోటుకి ఇంకా ఎంతో టైము లేదు. మా పక్కింటి నాగేశన్నయ్య ఇంకో మాట అడక్కుండా ఇంజన్ పడవ తీశాడు. దారంతా నన్ను నేనే తిట్టుకున్నాను. ముసలాయన మీద నోరు పారేసుకున్నాను, ఆయనకేమన్నా అయితే నా పాపమే.

లంక దగ్గరికి చేరేసరికి తొమ్మిదిన్నర. మంచు లేదు. ఎండ బాగా కాస్తోంది. నేను కళ్లజోడు పెట్టుకునే ఉన్నాను.

ముందు చూసింది నాగేశన్నయ్య. "టీచరమ్మా, పైనున్నాడు మీ మావయ్య. అదుగో, గుడ్డ లాగుతున్నాడు చూడండి."

చూశాను. పైగదిలో తూర్పు వైపు తెల్లటి తెర పడింది. దాని పక్కన ఇంకోటి. మనిషి కనబడలేదు కానీ గుడ్డ కదలడం స్పష్టంగా కనబడింది. ప్రాణం లేచొచ్చి బావురుమన్నాను. మావయ్యా అని గొంతు చించుకుని అరిచాం. పలకలేదు. తెరలు ఒక్కొక్కటే పడుతూ అవతలి వైపుకి తిరిగిపోతున్నాయి.

మామూలుగా పడవలు తూర్పున ఇసుక దగ్గర ఆగుతాయి. ఆయన కనబడాలని నేనే చుట్టూ తిప్పమన్నాను. తెరల వెంబడే మేమూ పడమటికి తిరిగాం.

అక్కడ బురదలో నడుము దాకా దిగబడిపోయి ఉన్నాడు మావయ్య. నీళ్లు ఛాతీ మీదికి వచ్చేశాయి. అరిచి అరిచి గొంతు పోయినట్టుంది, చేయి మాత్రం ఊపుతున్నాడు. తూర్పున దిగి ఉంటే ఆయన మాకు కనబడేవాడే కాదు.

తాడు వేసి, ఇద్దరం లాగి, ఎలాగో పడవలోకి చేర్చాం. ఒళ్లంతా వణుకుతున్నాడు. పైనుంచి ఎప్పుడు దిగావని అడిగాను.

"నేనెక్కడ ఎక్కానే? మెట్లేవీ?"

నాగేశన్నయ్య బురద లేని చోట నీళ్లలోకి దూకి, వెళ్లి తలుపు లేని గుమ్మంలోంచి తొంగిచూశాడు. పన్నెండు ఇనుప మెట్లున్నాయట. ఆపైన ఏమీ లేదు, ఆకాశం కనబడుతోందట. ఆయన వెనక్కి వచ్చేటప్పుడు నేను తలెత్తి చూశాను. పైగదికి ఒక్క అద్దం లేదు. తుప్పు పట్టిన చట్రాలే ఉన్నాయి. గుడ్డ పేలిక కూడా లేదు.

కొంగలై ఉంటాయని అనుకోబోయాను. ఎక్కడినుంచో కొట్టుకొచ్చిన ప్లాస్టిక్ కవరేమో అనుకోబోయాను. అవి వరసగా, ఒకదాని తర్వాత ఒకటి, తూర్పు నుంచి పడమరకి ఎందుకు కదులుతాయి? అదీ ఇద్దరికీ ఒకేలా ఎలా కనబడుతుంది?

ఇంజన్ స్టార్ట్ చేయబోతుంటే మావయ్య నాగేశన్నయ్య చేయి పట్టుకున్నాడు.

"ఆగరా, ఆయనింకా దిగలేదు."

"ఎవరు మావయ్యా?"

"నా డ్యూటీ చేసినాయన. పోటు వస్తోంది గదా, వదిలేసి ఎట్లా పోతాం?"

నాగేశన్నయ్య ఇంజన్ మీద నుంచి చేయి తీసేశాడు. ముగ్గురం ఆ గుమ్మం వైపే చూస్తూ కూర్చున్నాం. ఎవరూ రాలేదు. నీళ్లు గడప దాటి లోపలికి పోవడం మొదలైంది.

"పోనియ్ అన్నయ్యా," అన్నాను.

మావయ్య ఒడ్డు చేరేదాకా వెనక్కే చూస్తూ ఏడ్చాడు. రెండు రోజులు జ్వరం వచ్చి తగ్గింది. ఇప్పుడు బాగానే ఉన్నాడు. ఆ సంగతి అడిగితే గుర్తులేదంటాడు.

నాకు మాత్రం గుర్తుంది. అక్కడ ఎవరూ లేరని తెలిసే పోనియ్ అన్నానా, ఉన్నారేమోనని భయపడి అన్నానా అన్నది ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను.