ఉస్తాద్ తిరిగి తీసుకోని చద్దరు

మొన్న శుక్రవారం రోలా బజారులో, నాతో పాటు క్యాంపులో ఉండే మా ఊరి తమ్ముడు ఒక దుకాణం ముందు నన్ను ఆపి, గుట్టగా పేర్చిన చద్దర్లు చూపించి, "ఏందన్నా, వీసా క్యాన్సిల్ చేసుకొని ఇంటికి పోతున్నవ్, ఒక్క చద్దరన్న కొనవా?" అని నిలదీశాడు. నా ఈడు వాళ్లకు చెప్పక్కర్లేదు, దుబాయ్ నుంచి వచ్చేవాడి సామానులో బరువైన చద్దరు లేకపోతే అసలది రావడమే కాదు. నేను మాత్రం కాళ్లు నొప్పులని చెప్పి ముందుకు నడిచాను.

కరోనా వచ్చిన ఏడాది, సైటులో రాగి తీగ పోయిందని ముదీర్, అంటే మా మేనేజరు, నా మీద కేసు పెట్టించాడు. నేను తీయలేదని తేలేసరికి ఐదు నెలలు జైల్లో గడిచిపోయాయి. ఎవరిని ఎక్కడ పెడుతున్నారో జైలువాళ్లకే తెలియని ఆ రోజుల్లో మా గదిలోనే ఒక పెద్దాయన ఉండేవాడు. ఈ దేశపువాడే, బడిపంతులు. ప్రభుత్వాన్ని ప్రశ్నిస్తూ ఏదో రాశాడట, దానికి ఏళ్లకేళ్ల శిక్ష. మేమంతా ఉస్తాద్ అని పిలిచేవాళ్లం. వచ్చీరాని హిందీలో మా పిల్లల పేర్లన్నీ అడిగి గుర్తుపెట్టుకునేవాడు.

ఆ గదిలో ఒక రివాజు ఉండేది. విడుదలయ్యేవాడు తన సామాను మిగిలినవాళ్లకు పంచి పోవాలి, ఇచ్చింది ఎవరూ కాదనకూడదు. శిక్ష ముగిసిన రోజు పొద్దున్నే ఉస్తాద్ గడ్డం దువ్వుకుని, చెప్పులు ఒకరికి, సబ్బు ఒకరికి, చద్దరు నాకు ఇచ్చి, తలుపు దగ్గర కూర్చున్నాడు. మధ్యాహ్నమైంది, సాయంత్రమైంది, ఎవరూ రాలేదు. మర్నాడు కాపలావాడు వచ్చి, ఇంకా ఉంచమని పైనుంచి చెప్పారనీ, ఎన్నాళ్లో తనకూ తెలియదనీ చెప్పి పోయాడు.

మా ప్రాణం ఉసూరుమంది. ఎవరికిచ్చిన వస్తువు వాళ్లం తెచ్చి ఆయన ముందు పెట్టాం. ముట్టుకోలేదు. "మేరా సజా ఖలాస్" అన్నాడు. శిక్ష తీరినవాడికి ఖైదీ సామాను ఎందుకని. ఏసీ చలికి జివ్వుమనే ఆ గచ్చు మీదే పడుకునేవాడు, దగ్గేవాడు. ఆయన చద్దరు కప్పుకుంటే నాకు సిగ్గు, మానితే చలి. నిజమే చెప్పాలి, కప్పుకున్నాను.

నా విడుదల రోజున ఎంత తెలివైన పని చేస్తున్నాననుకున్నానో! పోయేవాడు ఇచ్చింది కాదనకూడదు కదా అని ఆ చద్దరే తెచ్చి ఆయన ఒళ్లో పెట్టాను. ఉస్తాద్ నవ్వి, తీసుకుని, నా భుజం తట్టాడు. తలుపు దాటి వెనక్కి చూసేసరికి అది కొత్తగా వచ్చిన బెంగాలీ ముసలాయన భుజాల మీద ఉంది.

ఆయన బయటికి వచ్చాడో లేదో నేనెవరినీ అడగలేదు. భయం, ఇంకేమీ కాదు. ఒకప్పుడు క్యాంపులో మాకు వీసా ఇచ్చిన కఫీల్‌నూ కంపెనీనీ నోరారా తిట్టుకుని హాయిగా పడుకునేవాళ్లం. ఇప్పుడు మాట్లాడేముందు ఫోను దిండు కింద పెట్టి చుట్టూ చూసుకుంటున్నాం. నా పిల్లల పేర్లు ఆయనకు గుర్తుండే ఉంటాయి. ఆయన పేరు మాత్రం నేను ఇక్కడ కూడా రాయలేకపోయాను.