చెవుల్లో దూది

దర్జీకి బాస్కెట్‌బాల్ అంటే వల్లమాలిన పిచ్చి. ఎక్కడెక్కడో లింకులు వెతికి పట్టుకుని, కుట్టుమిషనుకు ఫోను ఆనించి లైవ్ మ్యాచులు చూస్తాడు. మేడ మీద బావమరిది టీవీలో అదే ఆట కాస్త ముందు నడుస్తుంది. ఇక్కడ ఆటగాడు బంతి ఎత్తకముందే పైనుంచి "పడింది!" అని కేక. ఆ బాధ పడలేక దర్జీ చెవుల్లో దూది కుక్కుకుంటాడు. వచ్చినవాళ్లు చొక్కా బిగుతన్నా, వదులన్నా ఒకేలా తలూపుతాడు.

ఫైనల్ రోజున ఒక్క పాయింటు వెనకబడ్డ అతని జట్టు చివరి బంతి విసిరింది. బంతి గాల్లో ఉండగానే ఫోన్లో బొమ్మ బిగుసుకుపోయింది. దర్జీ దూది పీకి పారేశాడు. పైన చడీచప్పుడు లేదు. మెట్ల మీదుగా పైకి పరిగెత్తాడు. సగం మెట్ల మీద బావమరిది ఎదురొచ్చి గుద్దుకున్నాడు.

"ఒరేయ్, పడిందా?"

"నన్నడుగుతావేంటి బావా! సరిగ్గా అప్పుడే సబ్బు ప్రకటన వేసి చచ్చారు. నీ ఫోన్లో చూద్దామనే దిగుతున్నా!"