కారం మిల్లులో తుమ్ముపై విచారణ

మా నరసరావుపేటలో ఒక కారం మిల్లులో జరిగిన విచారణను గురించి టీ కొట్ల దగ్గర రకరకాలుగా చెప్పుకుంటున్నారు. తుమ్మడం కార్మికుల హక్కు అని నేను తీర్పు ఇచ్చినట్లు కూడా ప్రచారం జరుగుతున్నది. అటువంటి తీర్పు ఏదీ నేను ఇవ్వలేదు. కళాశాలలో చిరకాలం వాణిజ్య చట్టాలు బోధించినవాడిని గనుక, జరిగినది జరిగినట్లు రాసిపెట్టడం నా బాధ్యత అయింది.

మొన్న వేసవిలో కారం పట్టించుకోవడానికి ఆ మిల్లుకు వెళ్ళాను. యజమాని నా పూర్వ విద్యార్థి. నేను మిరపకాయల సంచి దించేసరికి, తన తండ్రి హయాం నుంచి అక్కడ కారం జల్లిస్తున్న ఒక పెద్దావిడను అతడు పనిలోనుంచి తీసివేస్తున్నాడు.

"పిన్నీ, రేపట్నుంచి నువ్వు పనికి రామాక."

"ఈ వయసులో నన్నెవరు పెట్టుకుంటారు అబ్బాయా? ఇంతకీ నేనేం చేశానంట?"

"ఏం చేశావా? తుమ్మావు!"

విషయం ఇది. ముందురోజు అతడు ఒక పెద్ద హోటలు వారికి కారం శాంపిల్ చూపించడానికి గుంటూరు బయలుదేరాడు. కారులో కాలు పెడుతుండగా ఆవిడ తుమ్మింది. ఆలస్యమవుతున్నదని అతడు ఆగలేదు. ఎడ్లపాడు దగ్గర టైరు పంక్చరయింది. స్టెప్నీలోనూ గాలి లేదు. అతడు చేరేసరికి హోటలువారు ఆ ఆర్డరు మరొకరికి ఇచ్చేశారు.

"స్టెప్నీలో గాలి గూడా నా ముక్కే తీసిందా?" అన్నది ఆవిడ.

కారం మిల్లులో తుమ్మనివారు ఎవరో నాకు తెలియదు. కానీ అది తరువాతి విషయం. ముందు విషయం ఏమంటే, తీసివేసే ముందు ఆవిడ సంజాయిషీ ఎవరూ అడగలేదు. నేను యజమాని వైపు తిరిగాను.

"ఏమోయ్, ఆరోపణ తెలిపి, జవాబు వినకుండా ఉద్యోగిని తొలగించవచ్చునా? పరీక్షలో ఏం రాశావు?"

"అది చాయిస్‌లో వదిలేశాను మాస్టారూ."

నేను మర ఆపించి, ఒక బస్తా మీద కూర్చుని విచారణ ప్రారంభించాను. డబ్బాలు పట్టుకుని వచ్చినవాళ్ళు ఆనందంగా చుట్టూ చేరారు. యజమాని ఆరోపణ వినిపించాడు. అప్పుడు ఆవిడను చెప్పమన్నాను.

"నేను తుమ్మింది రెండు. మొదటిది విన్నాడు. రెండోది వచ్చేలోపు కారు గేటు దాటిపోయింది. ఎంటబడి పరిగెత్తి తుమ్మాల్నా?"

సభలో కలకలం రేగింది. ఒంటి తుమ్ము అపశకునమని, జంట తుమ్ముకు దోషం లేదని మా వైపు నమ్మకం. ఆ నమ్మకంతో నాకు ప్రమేయం లేదు. అయితే యజమాని ఏ నియమం ప్రకారం శిక్ష వేస్తున్నాడో, ఆ నియమమంతా పాటించాలి గదా. సాక్షిగా కారు డ్రైవరును పిలిచాను.

"రెండో తుమ్ము విన్నావా?"

"ఓనరుగారు ఎన్ని విన్నారో నేనూ అన్నే విన్నానండీ."

"చాలు మాస్టారూ, ఇదంతా ఎందుకు?" అంటూ యజమాని లేచాడు. "పిన్నీ, ఈ క్షణం నుంచి నిన్ను..." అని గట్టిగా తుమ్మాడు.

అతడు మెల్లగా కూర్చున్నాడు. రెండో తుమ్ము కోసం ముక్కు నలిపాడు. ఎండ కేసి చూశాడు. నోరు తెరిచి అలాగే ఉండిపోయాడు.

"వచ్చిద్దా?" అని అడిగారు డబ్బాలవాళ్ళు.

"రాలా" అన్నాడు.

ఆవిడ గ్లాసుతో మంచినీళ్ళు తెచ్చి ఇచ్చింది. "ఒంటి తుమ్ము అబ్బాయా. ఇప్పుడు ఏ పనీ మొదలెట్టగూడదు. నాది వినకుండా పోయావు గానీ, నీది రానీ, అందరం కూర్చుని వింటాం."

అందరం కూర్చున్నాం. కారం మాత్రం పట్టలేదు. చివరికి డబ్బాలవాళ్ళు ఇళ్ళకు పోతామని లేచారు. గిరాకీ పోతున్నదని యజమానికి కంగారు పుట్టింది.

"పిన్నీ, ముందు మాస్టారి కారం జల్లించు."

"పనిలో ఉన్నానా, లేనా? అది చెప్పు, జల్లిస్తా."

"ఉన్నావులే."

"రేపో?"

"రేపు గూడా ఉన్నావు. ఎల్లకాలం ఉంటావు, సరేనా?"

ఆ మాట పూర్తి కాగానే అతడికి రెండో తుమ్ము వచ్చింది. కానీ అప్పటికే ఆవిడ జల్లెడ అందుకున్నది. మర తిరగసాగింది.

ఇక్కడే నాకొక సందేహం మిగిలింది. ఒక తుమ్ముకూ దాని జంటకూ మధ్య ఎంత వ్యవధి ఉండవచ్చు? అతడి రెండో తుమ్ము మొదటిదానితో జత కలిసినట్లేనా? కలిసిందని యజమాని ఇప్పటికీ అప్పుడప్పుడు అంటుంటాడు. నేను చదివిన చట్టాలలో దీనికి సమాధానం లేదు. మాచర్ల, గురజాల వైపు పెద్దలకు తెలిసి ఉండవచ్చు. ఈ విషయంలో గానీ మరెక్కడ గానీ నేను పొరపాటు రాసి ఉంటే పాఠకులు దయచేసి సవరించవలసినదిగా కోరుతున్నాను. అయితే సవరించే ముందు ఆవిడ చెప్పేది కూడా వినండి. మిల్లులోనే ఉంటుంది.