నేను పట్టిన ఒకే ఒక్క క్యాచ్

శనివారం నేను జన్మలో పట్టనంత గొప్ప క్యాచ్ పట్టాను. దయచేసి ఎవరూ కంగ్రాట్స్ చెప్పకండి.

కేంబ్రిడ్జ్‌లో మా వేర్‌హౌస్‌లో పనిచేసే అమ్మాయిలం కలిసి ఆస్ట్రేలియన్ ఫుట్‌బాల్ ఆడతాం. బంతి కోడిగుడ్డులా ఉంటుంది. తన్నొచ్చు, చేత్తో పట్టుకోవచ్చు, పట్టుకోవడానికి ఎగిరి పక్కవాళ్ల భుజాలెక్కొచ్చు కూడా! చివర నాలుగు పోస్టులుంటాయి, నడిమి రెండింటి మధ్య నుంచి తన్నితే ఆరు పాయింట్లు. నాకు గురువంటూ ఎవరూ లేరు, లంచ్ బ్రేకుల్లో వీడియోలు చూసి నేర్చుకున్నదాన్ని. మూడు సీజన్లు ఆడాను. గాల్లో వచ్చిన బంతి ఒక్కటంటే ఒక్కటి నా చేతుల్లో నిలవలేదు.

"అక్కా, నీకు గేమ్ మస్తు తెలుసు. నువ్వు బయట నిలబడి చెప్పు, మేం లోపల ఆడతం," అంది మా కెప్టెన్ శిరీష. నిజామాబాద్ పిల్ల, మాటలో తేనె పూసి చెబుతుంది. అలా కోచ్‌నయ్యాను. ఇంటికి ఫోన్ చేసి ప్రమోషన్ అని చెప్పుకున్నాను.

వరసగా నాలుగు మ్యాచ్‌లు ఓడాం. శనివారం ఐదోది. "ఇది గెలిస్తే వచ్చే సీజన్‌కి కూడా నువ్వే కోచ్. లేకుంటే వేరేటోళ్లను చూసుకుంటం," అనేసింది శిరీష. ఈసారి తేనె లేదు.

కోచ్ మైదానం చుట్టూ గీసిన గీతకు బయటే నిలబడాలి. నాకా, కాలు నిలవదు. బంతి ఎటు పోతే గీత వెంబడి నేనూ అటే. పోస్టుల దగ్గర నిలబడి, ఆరు పాయింట్లు పడితే రెండు జెండాలూ ఊపే రిటైర్డ్ ఇంజనీర్ మూర్తి అంకుల్ రెండుసార్లు కేకేశారు కూడా. "అమ్మాయ్, గీత దాటుతున్నావ్!"

"సారీ అంకుల్!"

చివరి నిమిషం. నాలుగు పాయింట్ల లీడ్‌లో ఉన్నాం! అవతలివాళ్లు ఆఖరి ఆశగా మేం కాపాడుతున్న పోస్టుల వైపు బంతిని పైకి తన్నారు. అది సరిగ్గా నా ముందు, గీతకు రెండడుగుల లోపల నిలబడ్డ శిరీష మీదికే దిగుతోంది. తను పట్టుకుంటే గెలిచినట్టే. "పట్టు! పట్టు!" అని అరుస్తున్నాను.

తర్వాత ఏమైందో నాకే తెలీదు. నా మోకాలు శిరీష వీపు మీద ఉంది. బంతి నా చేతుల్లో ఉంది!

జారలేదు. ఒట్టు, అతుక్కుపోయింది. "పట్టేశా!" అని గంతులు కూడా వేశాను. అంపైర్ నన్ను చూశాడు, మెడలో ఊగుతున్న కోచ్ ట్యాగ్‌ని చూశాడు, బంతి తీసుకెళ్లి అవతలివాళ్లకిచ్చాడు. ఫ్రీ కిక్. ఈలోగా సైరన్ మోగింది. మోగినా ఆ ఒక్క కిక్ తన్ననిస్తారు. తన్నారు. ఆరు! అంకుల్ రెండు జెండాలూ తెగ ఊపారు.

"అంకుల్, మీరు మనవాళ్లు కదా!"

"రూలు రూలేనమ్మా. క్యాచ్ మాత్రం అదిరింది."

శిరీష వీపు రుద్దుకుంటూ లేచింది. "మూడేండ్లు ఎక్కడ దాచిపెట్టినవ్ అక్కా దీన్ని?"

పార్కింగ్ లాట్‌లోనే మీటింగ్ పెట్టేశారు. కోచ్ పోస్టు ఊడింది. కానీ వచ్చే మ్యాచ్ లిస్టులో నా పేరుంది, ప్లేయర్‌గా! నవ్వాలో ఏడవాలో తెలీక, "మళ్లీ పట్టగలనంటావా?" అని అడిగాను.

"బంతి వచ్చినప్పుడు నువ్వింకా కోచ్‌వే అనుకో అక్కా," అంది శిరీష.